పోలండ్ చర్చిలకి శైలి ఇచ్చింది ఎవరు?

వార్సా పాత పట్టణంలోని సెయింట్ జాన్ కేథడ్రల్ ముందు నిలబడి మన తెలుగు వ్లాగర్లు చెప్పే మాట దాదాపు ఒకటే: "ఇది పద్నాలుగో శతాబ్దం నాటి గోతిక్ చర్చి అండీ." అక్కడ చర్చి వెలిసింది నిజంగానే అంత పాతకాలంలో. కానీ కెమెరాకి కనబడుతున్న ఆ ఎర్ర ఇటుకల ముఖభాగం మాత్రం మా నాన్న కన్నా చిన్నది. 1944 వార్సా తిరుగుబాటులో ఈ చర్చి లోపలే పోరాటం జరిగింది. ఆ తరవాత మిగిలిన గోడలకి జర్మన్లు పేలుడు మందు పెట్టి పడగొట్టారు. ఇప్పుడు మనం చూస్తున్నది యాన్ జహ్వాతోవిచ్ అనే ఆర్కిటెక్ట్ యుద్ధం అయ్యాక తిరిగి కట్టించింది.

తిరిగి కట్టించాడు కదా అని ఉన్నది ఉన్నట్టు కట్టించాడనుకోకండి. యుద్ధానికి ముందు ఆ చర్చికున్న ముఖం వేరు. 1830ల చివర్లో ఆదమ్ ఇజ్‌కోవ్‌స్కీ అనే ఆయన దానికి ఇంగ్లండ్ తరహా గోతిక్ హంగులన్నీ తొడిగాడు. వందేళ్ళపాటు వార్సా జనం చూసిన చర్చి అదే, ఫోటోల్లో ఉన్నదీ అదే. జహ్వాతోవిచ్ దాన్ని పక్కన పెట్టేశాడు. మధ్యయుగంలో వార్సా చుట్టూ ఉన్న మజోవియా ప్రాంతపు ఇటుక చర్చి ఎలా ఉండేదో ఆలోచించి, అలాంటి ముఖం ఇచ్చాడు. బాగా తెలిసిన రూపాన్ని వదిలేసి, చాలావరకు ఊహించుకున్న రూపాన్ని కట్టాడన్నమాట.

పోలండ్ చర్చిల మీద ఏ గైడ్ పుస్తకం తెరిచినా మందపాటి గోడల రోమనెస్క్, కోసు ఆర్చిల గోతిక్, రినైసాన్స్, ఆడంబరమైన బరోక్ అని వరసగా శతాబ్దాలు అప్పజెప్పేస్తుంది. ఆ వరస తప్పని నేననను. అయితే ఈ దేశంలో ఒక చర్చిని చూసి దాని శైలి పేరు చెప్పినంత మాత్రాన మనకి తెలిసేది చాలా తక్కువ. దీన్ని కట్టుకోనిచ్చింది ఎవరు, అడ్డం పడింది ఎవరు, తరవాత వచ్చినవాళ్ళు ఏది ఉంచి ఏది పీకేశారు అని అడిగితేనే చర్చి నోరు విప్పుతుంది. కొన్నేళ్ళుగా వ్రోత్స్వాఫ్‌లో ఉంటూ, సెలవు దొరికినప్పుడల్లా ఈ దేశంలో చర్చిలు చూస్తూ తిరిగాక నాకు స్థిరపడిన అభిప్రాయం ఇది.

వార్సా కేథడ్రల్ ఏదో ఒక్క ఆర్కిటెక్ట్ ఇష్టం అనుకోవడానికి లేదు. పోజ్నాన్ కేథడ్రల్ 1945లో బాగా దెబ్బ తింది. తరవాతి కాలపు పొరలు ఊడిపోయి అడుగునున్న గోతిక్ గోడలు బయటపడ్డాయి. బాగుచేసినవాళ్ళు ఆ గోతిక్ రూపాన్నే నిలబెట్టారు. గ్నెజ్నోలోనూ ఇదే కథ. తుమ్ అనే చిన్న ఊళ్ళో 1161లో ప్రతిష్ఠ జరిగిన రాతి చర్చి ఉంది. పద్దెనిమిదో శతాబ్దంలో దాన్ని అప్పటి అభిరుచికి తగ్గట్టు మార్చారు. 1939 సెప్టెంబరులో అది దెబ్బ తింటే, యుద్ధం తరవాత ఆ మార్పులన్నీ తీసేసి రోమనెస్క్ రూపానికి తీసుకెళ్ళారు. ఒక దేశం మొత్తం ఒకే దిక్కుకి, వెనక్కి, వీలైనంత వెనక్కి వెళ్ళాలనుకుంది.

దానికి కారణం ఊహించడం కష్టం కాదు. 1772, 1793, 1795లలో మూడు విడతలుగా రష్యా, ప్రష్యా, ఆస్ట్రియా పోలండ్‌ని పంచేసుకున్నాయి. 1918 దాకా పటం మీద ఆ దేశమే లేదు. అంచేత పంతొమ్మిదో శతాబ్దపు కట్టడం అంటే పరాయి పాలన గుర్తుకొస్తుంది. గోతిక్ అంటే పద్నాలుగో శతాబ్దపు కజిమియేజ్ మహారాజు, సొంత రాజ్యం. పైగా 1945లో సరిహద్దులు పడమరకి జరిగి వ్రోత్స్వాఫ్, గ్దాన్స్క్ లాంటి జర్మన్ నగరాలు పోలండ్‌కి వచ్చాయి. ఇవి మొదటినుంచీ మావే అని చెప్పుకోవాలంటే మధ్యయుగం దాకా వెళ్ళాలి, ఎందుకంటే అప్పట్లో వ్రోత్స్వాఫ్ ఉన్న సైలీషియా ప్రాంతాన్ని ఏలింది పోలిష్ పియాస్త్ వంశం. దేవుణ్ణి నమ్మని కమ్యూనిస్టు ప్రభుత్వం కేథడ్రళ్ళ గోతిక్ ఆర్చిలని శ్రద్ధగా నిలబెట్టించడం వెనక ఇంత లెక్క ఉంది.

దీన్ని నకిలీ అని కొట్టిపారేసేవాళ్ళతో నేను కలవను. పగబట్టి పడగొట్టిన నగరాన్ని ఆ జాతి మళ్ళీ నిలబెట్టుకోవడం న్యాయం. పునర్నిర్మాణంగానే చూసి యునెస్కో 1980లో వార్సా పాత పట్టణాన్ని తన జాబితాలో చేర్చింది. నా పేచీ మరొకదానితో. ఏ కాలాన్ని మళ్ళీ కట్టాలో ఎంచుకున్నప్పుడు, ఏ కాలాన్ని కట్టకూడదో కూడా ఎంచుకున్నట్టే. గోడ మీది బోర్డులు మొదటి సంగతి చెబుతాయి, రెండోదాని ఊసెత్తవు.

పైపొర తీస్తే నిజంగానే నిధి దొరికిన చోట్లూ ఉన్నాయి. స్త్షెల్నో అనే ఊరి చర్చిలో 1946లో స్తంభాల చుట్టూ ఉన్న ఇటుక కట్టుబడి విప్పితే, లోపల పన్నెండో శతాబ్దపు రాతి స్తంభాలు బయటపడ్డాయి. వాటి మీద సుగుణాలు, దుర్గుణాలు మనుషుల బొమ్మలుగా అరల్లో చెక్కి ఉన్నాయి. బరోక్ కాలంలో ఎవరో వాటిని మూసేస్తేనే అవి చెక్కుచెదరకుండా మిగిలాయి. కాబట్టి పాత పొర మంచిది, కొత్త పొర చెడ్డది అనే సూత్రం కూడా పనికిరాదు.

గైడ్ పుస్తకం వరసని ఇక్కడ గబగబా చెప్పేస్తాను. 966లో మియెష్కో రాజు బాప్తిస్మం తీసుకున్నాడు. మొదటి చర్చిలు చిన్న చిన్న గుండ్రటి రాతి గదులు, క్రాకోవ్ వావెల్ కొండ మీద ఒకదాని ఆనవాళ్ళున్నాయి. ఆ తరవాత మందపాటి గోడల రోమనెస్క్ చర్చిలు. క్రాకోవ్‌లోని సెయింట్ ఆండ్రూ చర్చి చూస్తే కోట బురుజులా ఉంటుంది. 1241లో మంగోలులు వచ్చినప్పుడు జనం అందులోనే తలదాచుకున్నారు. ఆపైన ఇటుక గోతిక్. ఉత్తరాన మంచి రాయి దొరకదు, మట్టి దండిగా ఉంది, అందుకే ఇటుక. గ్దాన్స్క్‌లోని సెయింట్ మేరీ చర్చి 1343లో మొదలై 1502లో పూర్తయింది, పొడవు 105 మీటర్లు. ఇటుకతో అంత పెద్ద చర్చిలు ప్రపంచంలోనే కొద్ది. దాన్ని మొదలుపెట్టినప్పుడు ఆ ఊరు ట్యూటానిక్ నైట్లు అనే జర్మన్ సన్యాసి యోధుల చేతిలో ఉండేది. తరవాత అది శతాబ్దాలపాటు ప్రొటెస్టెంట్లలో ఒక శాఖైన లూథరన్ల చర్చి, 1945 నుంచి క్యాథలిక్కులది. దాన్ని ఒట్టి "పోలిష్ గోతిక్" అంటే సగం కథ మింగేసినట్టే.

క్రాకోవ్‌లో 1519 నుంచి 1533 దాకా ఫ్లోరెన్స్ నుంచి వచ్చిన బర్తొలొమెయో బెరెచ్చి వావెల్ కేథడ్రల్ పక్కన జిగ్మున్త్ రాజు సమాధి మందిరం కట్టాడు. బంగారు రేకు తాపడం చేసిన గుమ్మటం దానిది. ఆయనే 1537లో క్రాకోవ్‌లో హత్యకి గురయ్యాడు. తరవాత జెసూట్లు అనే క్యాథలిక్ సన్యాసులు రోమ్‌లోని తమ చర్చి నమూనాని మోసుకొచ్చి పీటర్ అండ్ పాల్ చర్చి కట్టారు. ఇవన్నీ అందమైనవే. క్రాకోవ్ వెళ్ళినవాళ్ళు ఎలాగూ చూస్తారు.

ఈ వరసలో కాస్త ఆగాల్సిన చోటు విష్లిత్సా. 1349లో కజిమియేజ్ మహారాజు మార్చిన్ బరిచ్కా అనే క్యాథలిక్ గురువుని విస్తులా నదిలో ముంచి చంపించాడు. బిషప్ విధించిన వెలి శిక్షని రాజుకి చేరవేసిన పాపానికి ఆ గురువు ప్రాణం పోయింది. దానికి ప్రాయశ్చిత్తంగా రాజు కొన్ని చర్చిలు కట్టించాడని పాత చరిత్రకారుడు యాన్ ద్వుగోష్ రాశాడు. అందులో విష్లిత్సా చర్చి ఒకటి. దాని హాలు మధ్యలో ఒకే వరస స్తంభాలు నిలబడి, కప్పు బరువంతా తాటిమట్టల్లా విప్పారిన రాతి పట్టీలతో మోస్తాయి. మామూలుగా మూడు భాగాలుండాల్సిన హాలు ఇక్కడ రెండు భాగాలే. ఈ లెక్కన ఆ చర్చి పుట్టింది రాజు భక్తి వల్ల అనడం కన్నా, రాజుతో సమానంగా బిషప్‌కి చెల్లుబాటైన అధికారం వల్ల అనడమే సబబు. పదిహేనో శతాబ్దంలో దాని తలుపు మీద పెట్టిన రాతి పలకలో రాజు మోకరిల్లి, చేతుల్లో చర్చిని పట్టుకుని మరియమ్మకి సమర్పిస్తుంటాడు.

ఇప్పుడు నాకు అన్నిటికన్నా ఇష్టమైన కట్టడం దగ్గరికొస్తాను. వ్రోత్స్వాఫ్ నుంచి రైల్లో గంటన్నర లోపే ష్విద్నిత్సా అనే ఊరు. అక్కడ 'శాంతి చర్చి' ఉంది. ముప్ఫై ఏళ్ళ యుద్ధం 1648లో వెస్ట్‌ఫేలియా ఒప్పందంతో ముగిసింది. సైలీషియా అప్పుడు హాబ్స్‌బర్గ్ వంశపు క్యాథలిక్ చక్రవర్తి కింద ఉంది, జనంలో లూథరన్లు చాలామంది. వాళ్ళ చర్చిలు చాలావరకు లాగేసుకున్నారు. లూథరన్ దేశమైన స్వీడన్ పట్టుబడితే, మొత్తం మీద మూడంటే మూడు కొత్త చర్చిలు కట్టుకోవచ్చని చక్రవర్తి ఒప్పుకున్నాడు. ష్విద్నిత్సా, యావోర్, గ్వోగూఫ్ ఊళ్ళలో.

ఒప్పుకుంటూనే షరతులు పెట్టాడు. రాయి వాడకూడదు, ఇటుక వాడకూడదు. కలప, మట్టి, ఇసుక, గడ్డి మాత్రమే. గోపురం ఉండకూడదు, గంటలు ఉండకూడదు. ఊరి గోడకి అవతల, ఫిరంగి గుండు అందేంత దూరంలో కట్టాలి. ఏడాదిలో పూర్తవ్వాలి. అనుమతి పేరుతో చక్రవర్తి కోరుకున్నది ఏమిటో అర్థమవుతూనే ఉంది: పశువుల కొట్టం లాంటిది ఒకటి లేచి, నాలుగు వానలకి దానంతటదే కూలిపోవాలి.

వ్రోత్స్వాఫ్ ఇంజనీరు అల్బ్రెక్ట్ ఫాన్ జేబిష్ ఆ షరతుల్లో ఒక్కటీ మీరకుండా ప్లాను గీశాడు. యావోర్ చర్చి 1655కి, ష్విద్నిత్సా చర్చి 1657కి లేచాయి. కలప చట్రం వేసి, మధ్య ఖాళీల్లో గడ్డి కలిపిన మట్టి దట్టించారు. బయటినుంచి చూస్తే పెద్ద ధాన్యపు గిడ్డంగే. లోపలికి అడుగుపెడితే మాత్రం ఒకదాని మీద ఒకటి బాల్కనీలు లేచిపోతుంటాయి, బొమ్మలు, బంగారు పూత, చెక్కడం, కప్పంతా రంగులు. ష్విద్నిత్సా చర్చిలో 7500 మంది పడతారు. చెక్కతో కట్టిన మతపరమైన కట్టడాల్లో యూరప్‌లో ఇంత పెద్దవి మరి లేవంటారు. గంట గోపురం కట్టుకోవడానికి వాళ్ళకి సెలవు దొరికింది 1707 తరవాతే. అది ఇప్పటికీ చర్చికి దూరంగా విడిగా నిలబడి ఉంటుంది. గ్వోగూఫ్‌ది 1758లో కాలిపోయింది. మిగతా రెండూ 2001లో యునెస్కో జాబితాకెక్కాయి. గుంటూరు వైపు పెరిగినవాళ్ళకి లూథరన్ అంటే ఎవరో విడమరిచి చెప్పక్కర్లేదు. అక్కణ్ణుంచి వచ్చిన ఒక ఫ్రెండుని తీసుకెళ్తే, లోపల అడుగుపెట్టగానే "మనవాళ్ళది ఇంత ఆడంబరంగానా?" అని నోరెళ్ళబెట్టాడు.

దీన్ని పుస్తకాలు బరోక్ అంటాయి. పేరు సరైనదే, దానివల్ల ఒరిగేది మాత్రం ఏమీ లేదు. ఆ చర్చి రూపాన్ని గీసింది సగం జేబిష్, సగం చక్రవర్తి గుమాస్తా. గోపురం లేకపోవడం, బాల్కనీల మీద బాల్కనీలు ఉండటం, గోడలో మట్టి ఉండటం, ఇవన్నీ షరతుల కాగితంలోంచి వచ్చినవే. మూడు చర్చిలే ఇస్తే చుట్టుపక్కల జిల్లా మొత్తం ఒక్కదాంట్లోనే పట్టాలి కదా, అందుకే అన్ని అంతస్తులు. ఇంకో సంగతి: కట్టినవాళ్ళూ, అందులో పాడినవాళ్ళూ జర్మన్ మాట్లాడే జనం. 1945 తరవాత వాళ్ళని ఇక్కణ్ణుంచి పంపేశారు. ఇప్పుడు అక్కడ ఉన్నది చిన్న పోలిష్ లూథరన్ సంఘం. మరి ఇది పోలిష్ కట్టడకళ చరిత్రలో భాగమేనా? నేనైతే ముందు పేజీలోనే పెడతాను.

పరాయి పాలన కాలానికి వస్తే ఇదే ఆట ఇంకా పచ్చిగా నడిచింది. వార్సాలో విస్తులాకి అవతలి ఒడ్డున ప్రాగా అనే పేట ఉంది. అక్కడ రష్యన్లు 1860ల చివర్లో ఉల్లిపాయ గుమ్మటాలతో ఆర్థడాక్స్ చర్చి కట్టారు, మేరీ మగ్దలీన్ పేరుతో. దానికి కూతవేటు దూరంలో క్యాథలిక్కులు సెయింట్ ఫ్లోరియన్ చర్చి లేపారు, 1904కి అయింది. యూజెఫ్ పియుస్ జెకోన్‌స్కీ దాని ఆర్కిటెక్ట్. ఎర్ర ఇటుక, కోసుగా లేచే రెండు గోపురాలు, ఒక్కోటీ 75 మీటర్లు. ఉల్లిపాయలు వీటి ముందు పొట్టిగా కనబడాలి, అదీ ఉద్దేశం. ఈ రకం ఇటుక గోతిక్‌కి అప్పటి పోలిష్ ఆర్కిటెక్టులు విస్తులా నది పేరు కలిపి శైలి పేరొకటి పెట్టుకున్నారు, జర్మన్ గోతిక్ అనకుండా ఉండటానికి. నిజానికి ఆ ఇటుక పనితనం బాల్టిక్ తీరం పొడుగునా, జర్మనీలోనూ ఉన్నదే. తెలిసే పెట్టుకున్న పేరు.

రష్యన్లు ఊరుకున్నారా? వార్సా నడిబొడ్డున సాక్సన్ చౌకులో 1894 నుంచి 1912 దాకా అలెగ్జాండర్ నెవ్‌స్కీ ఆర్థడాక్స్ కేథడ్రల్ కట్టారు. దాని గంట గోపురం 70 మీటర్లు. ఆ రోజుల్లో ఊరు మొత్తానికి ఎత్తయిన కట్టడం అదే. పూర్తయి పద్నాలుగేళ్ళు తిరక్కుండానే, 1920ల మధ్యలో, స్వతంత్ర పోలండ్ దాన్ని నేలమట్టం చేసింది. వద్దన్నవాళ్ళు ఉన్నారు, వినలేదు. ఆ కసి నాకు అర్థమవుతుంది, ఆ పని మాత్రం నచ్చదు. గొప్ప మొజాయిక్‌లున్న కట్టడం. కొన్ని ముక్కలు ఇప్పటి బెలారుస్‌లోని బరనోవిచి చర్చిలో మిగిలాయి. దాని స్తంభాలు కొన్ని ఎక్కడ తేలాయో తెలిస్తే ఆశ్చర్యపోతారు. వావెల్ కేథడ్రల్‌లో స్వతంత్ర పోలండ్ నేత మార్షల్ పిల్‌సూద్‌స్కీ సమాధి గది ప్రవేశద్వారం పైన ఒక చిన్న మండపం ఉంది, ఆదల్ఫ్ షిష్‌కో-బోహుష్ 1937లో కట్టించింది. స్తంభాలు వార్సాలో కూల్చిన ఆ రష్యన్ కేథడ్రల్‌వి. అడుగు రాయి పోజ్నాన్‌లో కూల్చిన ప్రష్యా నేత బిస్మార్క్ విగ్రహం దిమ్మెది. కంచు ఆస్ట్రియా ఫిరంగులు కరగబోసింది. దేశాన్ని పంచుకున్న ముగ్గురినీ తెచ్చి ఒక సమాధికి పందిరి వేయించాడు. దీని శైలి ఏమిటని అడిగితే ఏం చెబుతాం?

చెక్క చర్చిల దగ్గర ఈ దేశం నన్ను నిజంగా కట్టిపడేస్తుంది. దక్షిణాన, కార్పతియన్ కొండల వైపు, దెంబ్నో, హాచూఫ్, సెంకోవా లాంటి ఊళ్ళలో పదిహేను, పదహారో శతాబ్దాల క్యాథలిక్ చర్చిలున్నాయి. దుంగలని మూలల్లో గాడి కోసి ఒకదాంట్లో ఒకటి కూర్చి గోడ లేపుతారు, పైన నిటారు కప్పు, దాని మీద చెక్క పెంకులు. దెంబ్నో చర్చి లోపల గోడలూ కప్పూ నిండా అచ్చులతో అద్దిన నగిషీలు, 1500 ప్రాంతానివి, ఆ రంగులు ఇప్పటికీ పోలేదు. చూరు బాగా దించి చుట్టూ పంచలా వదులుతారు, దూరం ఊళ్ళ నుంచి నడిచొచ్చినవాళ్ళు వాన పడితే అక్కడ నిలబడొచ్చు. ఇలాంటివి ఆరు 2003లో యునెస్కో జాబితాలో చేరాయి. పోలండ్‌కి సొంతమని చెప్పదగ్గ చర్చి ఏదైనా ఉంటే అది ఇదేనని చాలామంది అంటారు, సంతోషంగా ఒప్పుకుంటాను.

అదే కొండల్లో అదే దుంగలతో ఇంకొకరు కూడా కట్టారు. లెమ్కోలు అనే స్లావ్ జనానివి గ్రీకు క్యాథలిక్ చర్చిలు, అంటే పోప్‌ని ఒప్పుకుంటూనే తూర్పు పద్ధతిలో పూజ చేసేవాళ్ళవి. మూడు గుమ్మటాలు పడమటి నుంచి తూర్పుకి వరసలో ఉంటాయి, పడమటి గోపురం అన్నిటికన్నా ఎత్తు. 1947లో 'విస్తులా ఆపరేషన్' అని పేరు పెట్టి ప్రభుత్వం లెమ్కోలని, ఉక్రెయినియన్లని లక్షా నలభై వేల మంది దాకా ఊళ్ళు ఖాళీ చేయించి, ఉత్తర, పశ్చిమ ప్రాంతాలకి చెదరగొట్టింది. మనుషులు పోయాక చర్చిలు కొన్ని కూలిపోయాయి, కొన్ని రోమన్ క్యాథలిక్కులవి అయ్యాయి. క్వియాతోన్ చర్చి చూడండి. చెక్క పనితనంలో దాన్ని మించింది అరుదు. ఇప్పుడు అందులో పూజ రోమన్ క్యాథలిక్ పద్ధతిలో జరుగుతుంది. ఒవ్‌చారి అనే ఊళ్ళో మాత్రం రెండు సంఘాలూ ఒకే చర్చిని పంచుకుంటున్నాయి. పోలండ్, ఉక్రెయిన్‌లలో కలిపి ఇలాంటి 16 చర్చిలని 2013లో యునెస్కో గుర్తించింది. ఫోటోలు బ్రహ్మాండంగా వస్తాయి. కట్టినవాళ్ళు ఏమయ్యారన్నది ట్రావెల్ రీల్స్‌లో రాదు.

ఆ వడ్రంగుల పనిలోనే మూడో పాయ ఒకటుండేది, యూదుల చెక్క ప్రార్థనా మందిరాలు, అంటే సినగాగ్‌లు. పదిహేడు, పద్దెనిమిది శతాబ్దాల్లో కట్టిన ఆ పెద్ద సినగాగ్‌లకి బయట అంతస్తులుగా పేరుకున్న కప్పులు, లోపల రంగుల చిత్రాలతో నిండిన చెక్క గుమ్మటాలు. వాటిలో పోలండ్‌లో ఇప్పుడు ఒక్కటీ లేదు. నాజీలు తగలబెట్టేశారు. అవి ఎలా ఉండేవో మనకి తెలుస్తోందంటే, 1920ల్లో ఓస్కార్ సోస్నోవ్‌స్కీ వార్సా పాలిటెక్నిక్‌లో ఒక విభాగం పెట్టి, విద్యార్థుల్ని ఊరూరా పంపి కొలతలు తీయించి బొమ్మలు గీయించడం వల్లే. బియావిస్తోక్‌లో సెయింట్ రోహ్ చర్చిని కాంక్రీటుతో నక్షత్రంలా కట్టింది కూడా ఆయనే. 1939 ముట్టడిలో సోస్నోవ్‌స్కీ చనిపోయాడు. ఆ విభాగం పత్రాలని కాపాడినవాళ్ళలో మనం మొదట్లో చూసిన జహ్వాతోవిచ్ కూడా ఉన్నాడు. వార్సా కేథడ్రల్ విషయంలో ఆయన్ని ఎంత తప్పుపట్టినా, ఈ ఒక్క పనికి దణ్ణం పెట్టాలి. వార్సాలో యూదుల చరిత్ర చెప్పే పోలిన్ మ్యూజియంలో ఈనాటి వడ్రంగులు పాతకాలపు పనిముట్లతో గ్వోజ్జెత్స్ సినగాగ్ కప్పుని అసలుకి కొంచెం తక్కువ కొలతలో మళ్ళీ కట్టి పెట్టారు. వార్సా వెళితే అది తప్పకుండా చూడండి, కేథడ్రల్‌కి టైం చాలకపోయినా పర్లేదు.

ఇంతవరకు చెప్పినదాంట్లో అనుమతి ఇచ్చేది రాజో చక్రవర్తో. కమ్యూనిస్టుల కాలంలో ఆ అధికారం పార్టీ ఆఫీసుకి వచ్చింది. క్రాకోవ్ పక్కన 1949లో ఉక్కు ఫ్యాక్టరీ కోసం నోవా హూతా అనే కొత్త పట్టణం వేశారు. ప్లానులో అన్నీ ఉన్నాయి, చర్చి లేదు. 1956 తరవాత పట్టు కాస్త సడలినప్పుడు అనుమతిచ్చి స్థలం చూపించారు, జనం అక్కడ శిలువ పాతుకున్నారు. మళ్ళీ మనసు మార్చుకుని ఆ స్థలంలో బడి కడతామన్నారు. 1960 ఏప్రిల్ 27న శిలువ పీకడానికి పనివాళ్ళు వస్తే, మొదట అడ్డం తిరిగింది ఆడవాళ్ళు. పెద్ద గొడవైంది, వందల మందిని అరెస్టు చేశారు. శిలువ మాత్రం కదల్లేదు.

చివరికి 1967లో వేరే చోట అనుమతి దొరికింది. వోయ్‌చెహ్ పియెత్షిక్ అనే ఆర్కిటెక్ట్ బైబిల్లోని నోవహు ఓడలా గీసిన చర్చి అది. మధ్యలోంచి తెరచాప కొయ్యలా శిలువ లేస్తుంది. ప్రభుత్వ నిర్మాణ సంస్థలు చెయ్యేయలేదు కాబట్టి జనమే కట్టుకున్నారు. బయటి గోడలకి పొదగడానికి నదుల్లోంచి ఏరిన గులకరాళ్ళు తెచ్చారు, మొత్తం ఇరవై లక్షల రాళ్ళని చెబుతారు. పదేళ్ళు పట్టింది. 1977 మే 15న ప్రతిష్ఠ చేసింది క్రాకోవ్ ఆర్చిబిషప్ కరోల్ వోయ్‌తీవా, మరుసటి ఏడాది పోప్ రెండో జాన్ పాల్ అయ్యింది ఆయనే.

తూర్పున ప్షెమిషల్ బిషప్ ఇగ్నాత్సి తొకార్చుక్ దారి వేరు. అనుమతి అడగడం, కాదనిపించుకోవడం, మళ్ళీ అడగడం ఆయనకి విసుగొచ్చేసింది. ఊళ్ళో ఎవరో రైతు ఇల్లనో కొట్టమనో మొదలుపెడతాడు. గోడలు లేస్తాయి. ఒక రాత్రి ఊరంతా కలిసి కప్పు ఎక్కించేస్తుంది, తెల్లారేసరికి చర్చి. అధికారులు జరిమానాలు వేశారు, కొన్నిచోట్ల పోలీసుల్ని దింపారు, అయినా ఆయన పరిధిలోని ఆ ఒక్క డయాసిస్‌లో ఆయన హయాంలో వందల చర్చిలు లేచాయి. ఇవి చూడటానికి ఇళ్ళలా, కొట్టాలలా ఎందుకున్నాయని అడిగితే జవాబు తెలిసిపోయింది కదా. మూడొందల ఏళ్ళ కిందటి ష్విద్నిత్సా లాజిక్కే ఇది.

1980లో సాలిడారిటీ అనే కార్మికుల ఉద్యమం లేచాక ప్రభుత్వం మెత్తబడి అనుమతులు గుప్పించింది. అప్పుడు మొదలైన నిర్మాణాల వెల్లువ చిన్నది కాదు. కమ్యూనిస్టు పాలన మొత్తంలో ఈ దేశంలో మూడు వేలకు పైగా చర్చిలు లేచాయి, అందులో 80ల వాటా పెద్దది. సిమెంటు దొరకని, ఇనుము దొరకని, మాంసానికి కూడా రేషను కార్డున్న రోజుల్లో! డ్యూటీ దిగి వచ్చినవాళ్ళు సాయంత్రాలు ఇటుకలు మోశారు. ఇటుక దొరికితే ఇటుక, రాయి దొరికితే రాయి, దాన్నిబట్టి ప్లానూ మారేది. పగలంతా ఆఫీసులో ఒకే అచ్చులో పోసిన ప్యానెల్ అపార్ట్‌మెంట్లు గీసే ఆర్కిటెక్టులకి, ఎవరూ వంకపెట్టకుండా సొంత ఊహతో గీసుకునే చోటు చర్చి ఒక్కటే అయింది. వార్సా ఉర్సినూఫ్‌లో ప్యానెల్ కాలనీని ప్లాన్ చేసినవాళ్ళలో ముఖ్యుడు మారెక్ బుజిన్‌స్కీ, ఆ కాలనీ మధ్యలో ఇటుకలతో క్రీస్తు ఆరోహణ చర్చి కట్టిందీ ఆయనే, జ్బిగ్నెఫ్ బదోవ్‌స్కీతో కలిసి. రెండూ పక్కపక్కన చూస్తే ఒకే మనిషి చేతివని నమ్మబుద్ధి కాదు.

ఈ చర్చిల్ని చదువుకున్న పోలిష్ జనం చాలామంది ఏవగించుకుంటారు. అంతరిక్ష నౌకలని, కోడిపెట్టలని, స్కీ జంపు ర్యాంపులని పేర్లు పెడతారు. మా ఆఫీసులో ఒకాయన తన పేటలోని చర్చిని చూపించి "సారీ, ఇది చూడకు" అన్నాడు. ఆ చర్చి పునాది తవ్వినవాళ్ళలో ఆయన నాన్న ఉన్నాడని మాటల్లో తరవాత బయటపడింది. నా దృష్టిలో ఇవే ఈ దేశపు చర్చి నిర్మాణంలో అసలైన ఘట్టం. రాజు డబ్బు లేదు, ఇటలీ మేస్త్రీ లేడు, పాత గోతిక్‌ని తవ్వి తీసే కమిటీ లేదు. అన్నీ అందంగా ఉన్నాయని అనను. కొన్ని నిజంగానే ఘోరంగా ఉంటాయి. కానీ కట్టుకున్నవాళ్ళ చెయ్యి ఇంత కళ్ళకి కట్టినట్టు కనబడేవి చెక్క చర్చిల తరవాత ఇవే.

1989 తరవాత అడ్డుచెప్పేవాళ్ళు లేకుండా పోయారు. దాని ఫలితం చూడాలంటే లిహెన్ వెళ్ళాలి. బర్బరా బియెలెత్స్కా డిజైన్ చేయగా 1994 నుంచి 2004 దాకా భక్తుల కానుకలతో కట్టిన దేశంలోకెల్లా పెద్ద చర్చి. 365 కిటికీలు, 52 తలుపులు, గోపురం 141.5 మీటర్లు. స్తంభాలు, గుమ్మటం, బంగారు రంగు, అన్నీ దండిగా ఉన్నాయి. భక్తులు మురిసిపోతారు, వాళ్ళని నేనేమీ అనను. నాకైతే లోపల ఊపిరాడలేదు.

వ్రోత్స్వాఫ్ పొపొవిత్సె కాలనీలో, మళ్ళీ ప్యానెల్ అపార్ట్‌మెంట్ల మధ్య, శాంతి రాణి మరియమ్మ చర్చి ఉంది. 1982లో మొదలై 1994లో పూర్తయింది. వోయ్‌చెహ్ యజోంబెక్, మరో ఇద్దరు ఆర్కిటెక్టులు కలిసి గీశారు. ఇటుకతో ఆడుకున్నారు ఆ ముగ్గురూ. మధ్యయుగపు కోటని ఎవరో విప్పి, నవ్వుతూ మళ్ళీ పేర్చినట్టుంటుంది. ఇదే యజోంబెక్ 1993లో సిటీ మధ్యలో, గోతిక్ సెయింట్ డొరోతీ చర్చికి ఎదురుగా, సోల్పోల్ అనే షాపింగ్ భవనం కట్టాడు, గులాబీ, పసుపు, నీలి రంగుల టైల్సుతో. ఊళ్ళో సగం మంది తిట్టారు, సగం మంది ముద్దు చేశారు. రక్షిత కట్టడాల జాబితాలో చేర్చమని ఆర్కిటెక్టులు, కార్యకర్తలు ఎంత మొత్తుకున్నా కుదరలేదు, 2022లో కూల్చేశారు. పొపొవిత్సె చర్చిని, దాని ఈడు చర్చిలని ఇప్పుడే ఆ జాబితాలోకి ఎక్కించాలని నా వాదన. గోతిక్‌ని కాపాడటానికి మనుషులు ఎప్పుడూ దొరుకుతారు. వీటికి దొరకడం కష్టం, ఎందుకంటే కట్టినవాళ్ళ పిల్లలకే ఇవి చిన్నతనంగా ఉన్నాయి.